కంటికి కనబడని చరిత్రకు బొమ్మ కట్టడం

యుద్ధాల చరిత్రను తెరకెక్కించేవారికి కోటలూ కత్తులూ దొరుకుతాయి. భావాల చరిత్ర తీసేవారికి దొరికేవి పాడుబడిన గోడలు, చెక్కిన రాళ్లు, వాటి ముందు నిలబడి మాట్లాడే ఒక మనిషి. ఆ మనిషికి విషయం మీద పట్టుంటే అంతకు మించి ఏమీ అక్కర్లేదని నాకు నమ్మకం కలిగించినవారు ఆక్స్‌ఫర్డ్‌లో చర్చి చరిత్ర ఆచార్యులుగా పనిచేసిన డైర్మెయిడ్ మెకల్లక్. 2009లో బీబీసీ ఫోర్‌లో ప్రసారమైన ఆయన ఆరు భాగాల డాక్యుమెంటరీ ‘ఎ హిస్టరీ ఆఫ్ క్రిస్టియానిటీ’ని ఈ మధ్య రెండోసారి చూశాను.

క్రైస్తవ చరిత్ర చెప్పేవారు సాధారణంగా మనల్ని జెరూసలేం నుంచి నేరుగా రోముకు నడిపిస్తారు. ఆయన మాత్రం తొలి భాగంలోనే తూర్పుదారి పట్టి, సిరియాక్ భాషలో ప్రార్థించిన సంఘాల వెంట చైనా దాకా వెళ్తారు. 635లో అలోపెన్ అనే బోధకుడు నేటి షియాన్ అయిన చాంగాన్‌కు చేరాడు; 781లో అక్కడి క్రైస్తవులు నిలిపిన శిలాశాసనం, చీనీ, సిరియాక్ అక్షరాలతో, ఇప్పటికీ ఆ నగరంలోనే ఉంది. కేరళ క్రైస్తవుల ఆరాధనలో సిరియాక్ శతాబ్దాల తరబడి వినిపించింది కనుక ఈ దారి మనకు కొత్త కాకూడదు. అయినా క్రైస్తవం అనగానే మనకూ ఐరోపావారి ఓడలే గుర్తుకొస్తాయి.

ఆ శాసనం వేయించినవారిది 431లో ఎఫెసస్ నగరంలో జరిగిన చర్చి పెద్దల సభ తీర్పును అంగీకరించని తూర్పు చర్చి. తగవంతా క్రీస్తులో దైవత్వం, మానవత్వం ఎలా కలిసున్నాయన్న ప్రశ్న మీద. మన అలంకారశాస్త్రం మాటల్లో చెప్పాలంటే, అది పాలూ నీళ్లూ కలిసినట్టు నీరక్షీర న్యాయమా, నువ్వులూ బియ్యమూ కలిసినట్టు తిలతండుల న్యాయమా అన్నదే చర్చ. (ఈ పోలికకు ఆనాటి ఉభయపక్షాలవారూ అభ్యంతరం చెప్పేవారేమో!) 451లో కాల్సిడన్ మహాసభ స్వభావాలు రెండు, వ్యక్తి ఒక్కడే, అవి కలగలిసిపోవు, విడిపోవు అని తీర్మానించింది, ఒప్పుకోని ఈజిప్టు కాప్టిక్ చర్చి నేటికీ వేరుగానే ఉంది. ఇంత సూక్ష్మమైన మాటపట్టింపు భూగోళాన్నే విభజించిందని చూపడానికి మెకల్లక్ ఎంచుకున్న పద్ధతి, ఆ మాటలు ప్రయాణించిన చోట్లకు తానూ ప్రయాణించడం.

ఆయన ఆంగ్లికన్ ఫాదిరీ కుమారుడు. 1987లో తానూ డీకన్ (గురువుకు కింది మెట్టు) అయ్యారు గాని, స్వలింగ సంపర్కుల పట్ల చర్చి వైఖరి కారణంగా గురువు పదవి వరకూ వెళ్లలేదు. తనను తాను క్రైస్తవానికి నిర్మొహమాటపు మిత్రుడిగా చెప్పుకుంటారు. భక్తుడి మొహమాటమూ, నిందించేవాడి కసీ లేని ఆ గొంతు అక్కడి నుంచే వచ్చిందనుకుంటాను.

నాకున్న ఫిర్యాదు ఒక్కటే. ఇదే పేరుతో ఉన్న ఆయన పుస్తకం ఉపశీర్షిక ‘మొదటి మూడువేల ఏళ్లు’; గ్రీకుల, యూదుల ఆలోచనలతో క్రీస్తుకు వెయ్యేళ్ల ముందే కథ మొదలవుతుంది. ఆ వెయ్యేళ్లకు తెర మీద దాదాపు చోటు దక్కలేదు. అందుకే ఇప్పుడు ఆ వెయ్యి పేజీల పుస్తకం ముందేసుకుని కూర్చున్నాను. ఇంకా గ్రీకుల దగ్గరే ఉన్నాను.