కళ్యాణదుర్గం బస్సులో ఒక మోటారు

మోటారుకు లగేజీ టికెట్ కొట్టాల్సిందేనని కండక్టరు, కొట్టనని పెద్దాయన. అనంతపురంలో బస్సు కదిలిన దగ్గర్నుంచి ఇదే గొడవ. బోరు మోటారు కాలిపోతే వైండింగ్ చేయించుకుని వస్తున్నాడాయన. గోనెసంచి చుట్టి కాళ్ల మధ్య నిలబెట్టుకున్నాడు. మా కెమెరా బ్యాగులకూ టికెట్ పడింది. దాంతో మాటలు కలిశాయి.

మేం బయల్దేరింది దర్గా హొన్నూరు ఇసుక దిబ్బలకి. జనాభా, పర్యావరణం మీద డాక్యుమెంటరీ తీస్తున్నాను. 2022 నవంబరులో ప్రపంచ జనాభా 800 కోట్లు దాటిందన్నప్పటి నుంచి నన్ను విసిగిస్తున్న మాట ఒకటుంది: "జనం పెరిగారు, నీళ్లు తగ్గాయి, ఇందులో చెప్పడానికేముంది?" అదే ఆయన్ని అడిగాను.

"జనం యాడుండారు సార్? మా నాయన కాలంలో ఇంట్లో పద్నాలుగు మంది, బావి ఒకటి. ఇప్పుడు నేనూ మా ఇంటామే. పిల్లోళ్లు బెంగళూరులో ఉండారు. బోర్లు మాత్రం ఆరు ఏసినా. దిగి సూసి పోండి."

దిగిపోయాం. హొన్నూరు మర్నాటికి వాయిదా పడింది. హగరి నది ఇసుక గాలికి లేచి పొలాల మీద పడటం అక్కడ బాగానే తీశాం గానీ, సినిమా వాళ్లమని ఆటో అతను రెట్టింపు గుంజాడు.

పెద్దాయన చీనీ (బత్తాయి) తోటలో ఎండిన బోరు మూతి మీద బండ ఉంది. అది జరిపి గులకరాయి వేశాడు. మా సౌండ్ కుర్రాడు మైకు దింపాడు. రాయి పైపుకు తగులుతూ చాలాసేపు పోయింది, నీళ్ల చప్పుడు రాలేదు. ఎనిమిది వందల అడుగులట. ఏడాదికి సగటున 550 మిల్లీమీటర్ల వాన పడే జిల్లాలో, రాతి పగుళ్లలోకి ఏళ్ల తరబడి ఇంకిన నీళ్లవి.

మాది తెనాలి వైపు. ఇంటి ముందే కాలవ, ఎవరెంత తోడుకున్నా అడిగేవాళ్లు లేరు. ఇక్కడ ఏ వరసకి డ్రిప్పు ఎంతసేపు వదలాలో ఈయన వేళ్ల మీద లెక్క చెబుతాడు. అయినా చాలడం లేదు.

ఆంధ్రలో ఒక్కో స్త్రీకి సగటున పుట్టే పిల్లలు 1.7 అని 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే చెప్పింది. జనాభా నిలకడగా ఉండాలన్నా 2.1 కావాలి. ఇద్దరికి మించి పిల్లలుంటే స్థానిక ఎన్నికల్లో పోటీ చేయకూడదన్న నిబంధనను కూడా 2024లో ఎత్తేశారు. మరి ఈ ఊరి నీళ్లు ఏమైనట్టు? చీనీకాయలై లారీలెక్కి ఢిల్లీ దాకా పోతున్నాయి. జనం పెరిగింది అక్కడ, కొనే డబ్బున్నది అక్కడ, ఎండింది ఈ బోరు. జనాభా సమస్య కాదని నేను అనను. ఆ భారం ఏ ఊరి మీద పడుతోందో చూపించకుండా రైల్వే స్టేషన్ రద్దీ చూపించి ఊరుకుంటే అది ఈయనకు అన్యాయం.

ఇంటామె జొన్నరొట్టె, చెనిక్కాయల పొడి పెట్టింది. డబ్బులిస్తే కోప్పడింది. వచ్చే షెడ్యూలు ఢిల్లీ ఆజాద్‌పూర్ మండీలో. చీనీ లోడు లారీలోనే అనంతపురం నుంచి వెళ్లాలని ఉంది. అన్ని రోజుల ఖర్చు ఎందుకంటున్నారు నిర్మాత. ఈ వారమే కూర్చుని ఒప్పిస్తాను.