కలంకారీ గుడ్డ మీద నా నెల రోజులు

నేనెక్కడెక్కడ తిరిగానో నా ఫోను నెల రోజుల పాటు రాసిపెట్టుకున్న జాబితాను బయటికి తీసి, దాన్నే బొమ్మగా వేయాలని పోయిన వేసవిలో కూర్చున్నాను. ఉండేది తిరుపతిలో, పని శ్రీకాళహస్తిలో. కాబట్టి రేణిగుంట, ఏర్పేడు మీదుగా సాగే దారి తప్ప అందులో మరేమీ ఉండదనుకున్నాను.

కరక్కాయ పొడి, గేదెపాలు కలిపిన నీళ్లలో నానబెట్టి ఆరబెట్టిన కోరా గుడ్డ మీద అరగంటకొకటి చొప్పున, ఆ వేళకు నేనున్న చోట, 1,440 చుక్కలు పెట్టాలి. పగటివి సున్నాలు, రాత్రివి నిండు నలుపు. వెదురు కలానికి చుట్టి కట్టిన గుడ్డను వేలితో నొక్కితే, తుప్పు ఇనుమును బెల్లపు నీళ్లలో ఊరబెట్టి తీసిన రసం మొనకు దిగుతుంది. గుడ్డలోని కరక్కాయ తగలగానే అది నల్లబడుతుంది. పాల కొవ్వు ఉంది కాబట్టి పక్కకు పాకదు. ఇక చెరపడమనేది లేదు.

ఈ పనిలోనే నా వేళ్ల గీతలు అరిగిపోయాయి. ఆధార్ కోసం పది వేళ్ల ముద్రలూ, రెండు కళ్ల ఐరిస్ చిత్రాలూ ఇచ్చినవాణ్ణే అయినా, ఆ మధ్య సిమ్ మార్చుకోవడానికి వెళ్తే బొటనవేలు, చూపుడువేలు, కొబ్బరినూనె రాసి తుడిచి మళ్లీ బొటనవేలు, ఏదీ సరిపోలలేదు. "రేపు రాండి అన్నా" అన్నాడు కుర్రాడు. నేను ఆ కొట్లో నిలబడ్డ ముప్పావు గంటను మాత్రం జేబులోని ఫోను తప్పు లేకుండా రాసుకుంది.

బంగ్లాదేశ్‌లో పుట్టిన అమెరికన్ కళాకారుడు హసన్ ఇలాహీని 2002లో డెట్రాయిట్ విమానాశ్రయంలో ఆపి ప్రశ్నించారు. ఎఫ్‌బీఐ విచారణ నెలల తరబడి సాగాక, ఆయన తాను తిన్న భోజనాన్నీ, పడుకున్న మంచాన్నీ, చివరికి వెళ్లిన మరుగుదొడ్డినీ ఫొటోలు తీసి అందరూ చూసేలా పెట్టడం మొదలుపెట్టారు. అన్నీ చెప్పేస్తున్నట్టే ఉండి తన గురించి ఏమీ చెప్పకపోవడమే ఆ పనిలోని నేర్పు. నా గుడ్డ కూడా అలాగే ఉంటుందని ధీమాగా ఉన్నాను; ఒక్క పేరు రాయలేదు, ఊరు రాయలేదు. అందం కోసం పైన కొండల వరుసనూ, కింద స్వర్ణముఖినీ మాత్రం గీశాను. ఆ రెండింటితోనే దొరికిపోతానని తోచలేదు.

మేడ మీద ఆరేసిన గుడ్డను చూడటానికి మా వీధిలో పూలు కట్టే పెద్దమ్మ వచ్చింది. కొండను చూసింది, ఏటిని చూసింది, అలిపిరి దారి పక్కన ఆసుపత్రులున్న వైపు ముద్దగా పేరుకున్న నలుపు మీద వేలు పెట్టింది.

"ఎవురికి బాగలేదు నాయనా, ఇన్ని రాత్రులు ఈడ్నే ఉండావే?"

మా అమ్మ పదకొండు రాత్రులు అక్కడుంది. ఆ సంగతి బంధువులకే చెప్పుకోలేదు. 2017 ఆగస్టు 24న తొమ్మిదిమంది న్యాయమూర్తుల సుప్రీంకోర్టు ధర్మాసనం గోప్యతను ప్రాథమిక హక్కుగా తేల్చింది, సంతోషం. కానీ నా గుట్టును నా కలంతోనే గుడ్డకెక్కించుకున్నాక ఎవరి మీద ఫిర్యాదు చేయాలి?

రెండో గుడ్డకు మళ్లీ పాలు కలిపాను. ఈసారి ఆ పదకొండు రాత్రుల చుక్కలు వదిలేసి గీస్తున్నాను. అంతా నిండుతూ వచ్చేసరికి, అలిపిరి దారి పక్కన మిగిలిన తెల్లటి ఖాళీయే ముందు కంటబడుతోంది.