కోవళం దగ్గర ఇంజను ఆపిన ఐదు నిమిషాలు

ఇరవై నిమిషాల జెట్ స్కీకి రెండు వేల ఎనిమిది వందలు. లాకరుకు వంద. బట్టలు మార్చుకునే గదికి ఇంకో యాభై. చెన్నై ఈసీఆర్‌లో, అంటే ఈస్ట్ కోస్ట్ రోడ్డులో, కోవళం దగ్గర నా జేబులోంచి పోయిన లెక్క ఇది. మా విశాఖలో రుషికొండ దగ్గర కూడా రేట్లు తక్కువేం కాదు గానీ, అక్కడ ముందే చెప్పారు. ఇక్కడ లైఫ్ జాకెట్ బిగించాక ఒక్కొక్కటే బయటికి తీశారు.

డబ్బుకన్నా ఎక్కువ మంట పుట్టించింది ఇంకొకటి. ఫోన్లో చూసిన ప్రకటనలో, గైడుతో కలిసి జెట్ స్కీ మీద వెళ్ళి మద్రాసు హార్బరు చరిత్ర, యుద్ధంలో మునిగిన ఓడల కథలు తెలుసుకోవచ్చని ఉంది. పిన్ని కూతురి నిశ్చితార్థానికని చెన్నై వచ్చిన నేను, మర్నాడు చింతాద్రిపేట ఇంట్లో అందరూ ఇంకా పడుకునుండగానే లేచి, రెండు బస్సులు మారి వచ్చింది దానికోసమే. తీరా చూస్తే హార్బరు అక్కడికి ముప్ఫై కిలోమీటర్ల పైమాటే. "హార్బరు వైపు ఎవర్నీ రానివ్వరు సార్, సెక్యూరిటీ ఏరియా" అంది కౌంటర్లో అమ్మాయి. మరి ప్రకటనలో ఆ ముక్క ఎందుకు రాయలేదంటే, "గైడు చెప్తాడు సార్" అని పక్కవాళ్ళకు రసీదు రాయడం మొదలుపెట్టింది.

మునిగిన ఓడ అనగానే నేను ఎందుకంత దూరం పరుగెత్తానో విశాఖ వాళ్ళకు చెప్పక్కర్లేదు. ఆర్కే బీచ్‌లో సాయంత్రం బఠాణీలు తినే చోటే విక్టరీ ఎట్ సీ స్మారకం ఉంటుంది, కాస్త ముందుకు నడిస్తే ఒడ్డుకు చేర్చి మ్యూజియం చేసిన కురుసుర జలాంతర్గామి. 1971 డిసెంబరు 3 అర్ధరాత్రి వేళ మా హార్బరు బయట మునిగిన పాకిస్తాన్ జలాంతర్గామి ఘాజీ ఇప్పటికీ ఆ నీళ్ళ అడుగునే ఉంది. తొంభైమందికి పైగా మనుషులు అందులోనే పోయారు. ఆ రోజుల్లో కిటికీలకు నల్ల కాగితాలు అంటించుకుని, దీపం చిన్నది చేసుకుని కూర్చున్న సంగతి అమ్మ ఇప్పటికీ చెబుతుంది.

తాతది ఇంకా పాత కథ. 1942 ఏప్రిల్ 6న జపాను విమానాలు విశాఖ మీద, కాకినాడ మీద బాంబులు వేసినప్పుడు ఆయనకు పద్నాలుగేళ్ళు. వన్ టౌన్‌లో ఇల్లు. దొరికిన మూటలు ఎడ్లబండిలో వేసుకుని విజయనగరం వైపు వెళ్ళిపోయారట. ఆ కథ ఎన్నిసార్లు చెప్పించుకున్నా తాత బాంబుల చప్పుడు గురించి ఒక్క ముక్క చెప్పేవాడు కాదు. ఇంటికి తాళం వేశామా లేదా అని దారి పొడవునా వాళ్ళమ్మ అడుగుతూనే ఉందట. అది మాత్రం ప్రతిసారీ చెప్పేవాడు.

కోపంగానే నీళ్ళ దగ్గరికి వెళ్ళాను. బండి పట్టుకుని నిలబడ్డ కుర్రాడికి ఇరవై రెండేళ్ళు ఉంటాయేమో. నేను ఫోన్లో తెలుగులో విసుక్కోవడం విన్నట్టున్నాడు. "ఏందన్నా, భయమా?" అన్నాడు. దుగరాజపట్నం వైపు జాలరి కుటుంబమట. నాన్న ఇంకా వేటకు పోతాడు, తనకు మాత్రం ఇక్కడ నెల జీతం బాగుందని వచ్చేశాడు. భయం కాదు, మోసం అన్నాను. వాడు నవ్వలేదు. "ఓడ చూపించలేనన్నా, కథ మాత్రం చెప్తా. గట్టిగా పట్టుకో" అని, ఇంజను ఆపే తాడు తన మణికట్టుకు తగిలించుకుని, నన్ను వెనక ఎక్కించుకున్నాడు.

అల విరిగే చోటు దాటడమే అసలు గండం. మొదటి అలకు ముందు వేగం తగ్గించాడు, అది మా కింద నుంచి వెళ్ళిపోయింది. రెండోది మొహం మీద విరిగింది. మూడోదానికి బండి ముక్కు ఆకాశానికి లేచి, దబ్బున నీళ్ళ మీద పడింది. నడుము జివ్వుమంది. ఈ మద్రాసు అలల గురించి చదివిందంతా ఆ క్షణంలో ఒళ్ళంతా తెలిసొచ్చింది. 1639లో దామెర్ల వెంకటాద్రి నాయకుడి దగ్గర ఇంగ్లీషువాళ్ళు ఇసుక నేల పుచ్చుకున్న చోట ఓడరేవే లేదు. చెన్నప్ప నాయకుడి పేరున చెన్నపట్నం వెలిసింది, కోట లేచింది, ప్రపంచమంతా ఓడలు వచ్చాయి. కానీ రెండు వందల ఏళ్ళకు పైగా ఆ ఓడలు దూరంగా లంగరేసుకుని నిలబడాల్సిందే. మనుషుల్నీ సరుకునీ ఒడ్డుకు చేర్చింది మసూలా పడవలు. ఆ పేరు వింటే మనకు మచిలీపట్నమే గుర్తొస్తుంది. ఒక్క మేకు కూడా లేకుండా, చెక్కల్ని కొబ్బరితాళ్ళతో కుట్టిన పడవలవి. మేకులు కొట్టి బిగించిన పడవ ఈ అలలకు పగిలిపోతుంది, కుట్టినదైతే వంగి నిలుస్తుంది. అది నడిపిన పడవవాళ్ళ చేతుల్లోనే మద్రాసు వ్యాపారమంతా ఉండేది. ఇప్పటి కాంక్రీటు హార్బరు పనులు 1875లో మొదలైతే, 1881 తుపాను కట్టినదాన్ని చాలావరకు కూల్చేసింది. ఆ పగ నా నడుముకు తెలిసింది.

అలలు దాటాక మరో ఐదారు నిమిషాలు పోనిచ్చి, కుర్రాడు ఇంజను ఆపేశాడు.

ఇక్కడే నా ప్రయాణం మొత్తం ఉంది. అప్పటిదాకా చెవుల్లో మోత. ఒక్కసారిగా ఏమీ లేదు. బండి పొట్టకు నీళ్ళు తగిలి తపతపమంటున్న చప్పుడు, పెట్రోలు వాసన, మా ఇద్దరి ఊపిరి. బండి పక్కకు తిరిగింది, ఒడ్డు కనిపించింది. అంతలేసి హోటళ్ళు, కొబ్బరితోపులు, కార్లు కలిపి చూస్తే అరచెయ్యి మందం కూడా లేని గీత. "మా వాళ్ళు రాత్రి వేటకు పోతే ఒడ్డుమీద లైట్లు చూసి ఏ ఊరో చెప్పేస్తారన్నా" అన్నాడు కుర్రాడు. "చీకట్లో మనం వాళ్ళకి కనపడం. వాళ్ళు మాత్రం మనకి మొత్తం కనపడతారు."

వాడు మామూలుగా అన్న మాట అది. నాకు మాత్రం ఒళ్ళు జలదరించింది. 1914 సెప్టెంబరు 22 రాత్రి తొమ్మిదిన్నర దాటాక, ఇదే నీళ్ళ మీద, ఉత్తరంగా కొంచెం దూరంలో, జర్మనీ యుద్ధనౌక ఎమ్డెన్ దీపాలార్పుకుని నిలబడింది సరిగ్గా ఇలాగే. ఎదురుగా మద్రాసు దీపాలన్నీ వెలుగుతూనే ఉన్నాయి. అప్పట్లో లైట్‌హౌస్ హైకోర్టు గోపురం మీదే ఉండేది, అదీ తిరుగుతూనే ఉంది. మొదటి ప్రపంచ యుద్ధం మొదలై రెండు నెలలు కాలేదు, అది యూరోపులో జరుగుతోందనుకున్న ఊరు. కెప్టెన్ కార్ల్ ఫాన్ ముల్లర్ సెర్చిలైటు వేసి బర్మా ఆయిల్ కంపెనీ ట్యాంకుల మీద గురిపెట్టాడు. అరగంట కూడా పట్టలేదు, దాదాపు 130 గుళ్ళు. ట్యాంకులు అంటుకున్నాయి. హార్బరులో ఉన్న చుప్రా అనే సరుకు ఓడకు కూడా గుళ్ళు తగిలాయి. ఐదుగురు పోయారు. ఒడ్డు మీది ఫిరంగులు తేరుకుని కాల్చేసరికి ఎమ్డెన్ చీకట్లో కలిసిపోయింది. ఊళ్ళోకి ఒక్క సైనికుడు దిగలేదు. అయినా మర్నాటి నుంచి వేలమంది మద్రాసు వదిలి వెళ్ళిపోయారు.

ఎందుకు వెళ్ళిపోయారో పుస్తకంలో చదివినప్పుడు నాకు సరిగ్గా బుర్రకెక్కలేదు. ఆ గీత లాంటి ఒడ్డును చూస్తుంటే అర్థమైంది. దాక్కోవడానికి అక్కడ కొండ లేదు. మా విశాఖకు డాల్ఫిన్స్ నోస్ కొండ అడ్డం ఉంటుంది, హార్బరు దాని వెనక ఉంటుంది. మద్రాసుకు ఏమీ లేదు. పళ్ళెంలో పెట్టిన ఊరు.

"ఆ ఎమ్డెన్ ఓడ ఇక్కడే మునిగిందన్నా, అదే నేను చెప్పే కథ" అన్నాడు కుర్రాడు. అది కాదని చెప్పాను. పెనాంగ్ దాకా పోయి అక్కడ రష్యా ఓడనీ, ఫ్రెంచి ఓడనీ ముంచింది. నవంబరు 9న కోకోస్ దీవుల దగ్గర ఆస్ట్రేలియా నౌక సిడ్నీ దాన్ని తూట్లు పొడిస్తే, మునిగిపోకుండా ముల్లరే ఒక దీవి మీదికి ఎక్కించేశాడు. వాడు శ్రద్ధగా విన్నాడు. ఎన్ని రోజులు తిరిగింది, బొగ్గు ఎక్కడ దొరికింది అని అడిగాడు. పట్టుకున్న ఓడల బొగ్గు కూడా వాడుకునేదని చెబితే, "మా నాన్న లాగా, డీజిలు అయిపోతే పక్క బోటుని అడుక్కుంటాడు" అన్నాడు. మేం కట్టిన ఇరవై నిమిషాలు ఎప్పుడో దాటిపోయాయి. ఒడ్డు నుంచి విజిల్ వేస్తూనే ఉన్నారు. దిగాక వాడికి వంద రూపాయలు ఇవ్వబోతే తీసుకోలేదు, టీ తాగించమన్నాడు. తాగాం.

మధ్యాహ్నమంతా బస్సులోనే పోయింది. ఈసీఆర్ ట్రాఫిక్ గురించి చెప్పడం దండగ. బ్రాడ్వేలో దిగి హైకోర్టు ప్రహరీ పట్టుకుని నడిచాను. తూర్పు గోడకు ఎమ్డెన్ ఫలకం ఉందని తెలుసు గానీ, అది ఎక్కడో అడిగితే ఇద్దరు లాయర్లకు తెలియలేదు. మూడో ఆయన నల్లకోటు మడిచి చేతికి వేసుకుని నాతోపాటు నడిచొచ్చి చూపించాడు. ఫుట్‌పాత్ మీద ఆనించిన స్కూటర్ల వెనక, దుమ్ము పట్టిన ఫలకం. ఎమ్డెన్ పేరు, తేదీ. వేలితో దుమ్ము తుడిచాను. రోడ్డుకు అవతల పోర్టు గోడ, దాని వెనక క్రేన్లు. సముద్రం కనిపించనే కనిపించదు. హార్బరు కట్టాక ఇసుక అంతా దక్షిణాన చేరి మెరీనా వెడల్పయింది, ఉత్తరాన రాయపురం ఒడ్డును కెరటాలు కొరుక్కుతిన్నాయి. 1914లో గుండు తగిలిన చోట నిలబడి చూస్తే, అది ఎటు నుంచి వచ్చిందో కూడా కనపడనంతగా ఊరు మారిపోయింది.

ఇల్లు చేరేసరికి ఏడున్నర. పిన్ని వాళ్ళ అత్తగారు వసారాలో కుర్చీలో ఉన్నారు. ఎనభై ఆరేళ్ళు, పుట్టింది పెరిగింది అంతా ఇక్కడే. తెలుగులో సగం అరవం కలుస్తుంది. పెళ్ళికొడుకు తండ్రి గురించి పిన్నితో ఏదో అంటున్నారు, "ఆయన పెద్ద ఎమ్డన్, కట్నం అడగడు గానీ కావాల్సిందంతా రాబట్టేస్తాడు" అని. నేను చెప్పు విప్పుతూ ఆగిపోయాను.

"మామ్మగారూ, ఆ మాట ఎక్కడిది?"

"ఏ మాట నాయనా? ఎమ్డనా? అరవంలో అట్లే అంటారు, గట్టివాణ్ణి, ఎవరికీ చిక్కనివాణ్ణి. ఆ ఓడ పేరే." కాసేపు ఆగి, "మా అత్త చూసింది దాన్ని" అన్నారు.

ఓడను కాదు, వెలుగును. ఆమె అత్తగారి పుట్టిల్లు జార్జిటౌన్. అప్పుడు పదకొండేళ్ళ పిల్ల. చప్పుళ్ళకు లేచి చూస్తే సముద్రం వైపు గోడ మీద ఎర్రగా వెలుతురు ఊగుతోందట, పొయ్యిలో మంట పెద్దదైనట్టు. తెల్లారాక వీధి వీధంతా కదిలింది. జట్కావాడు మామూలు కన్నా నాలుగింతలు అడిగాడట, ఇచ్చి ఎక్కారట. పూనమల్లి దాటి బంధువుల ఊరికి వెళ్ళి ఐదు రోజులున్నారు.

"ఆ రాత్రే వాళ్ళమ్మ ఇడ్లీకి పిండి రుబ్బి పెట్టింది" అన్నారు మామ్మగారు. రెండు చేతులూ కలిపి గుండిగ ఎంత పెద్దదో చూపించారు. "అట్లే వదిలేసి పోయినారు. తిరిగొచ్చి తలుపు తీస్తే పిండి పొంగి, కారి, నేలంతా పరుచుకుని ఎండిపోయింది. చీమలు. గోకితే రాలేదు. మా అత్త చచ్చిపోయేదాకా చెప్పేది, ఎమ్డన్ అంటే ఏమి, మా అమ్మ పిండిని పాడుచేసిన ఓడ అని."

నేను ఆమె కాళ్ళ దగ్గర మెట్టు మీద కూర్చున్నాను. తాత సంగతి చెప్పాను. ఎడ్లబండి, విజయనగరం దారి, వాళ్ళమ్మ తాళం బెంగ. ఆమె మధ్యలో ఒక్క మాట అడ్డం రాకుండా విన్నారు. పిన్ని కాఫీ తెచ్చి పెట్టి, తనూ నిలబడిపోయింది.

"మరి వేసుందా తాళం?" అన్నారు మామ్మగారు.

నలభై ఏళ్ళుగా నేను విన్న కథ అది. తాత పోయి పన్నెండేళ్ళు అవుతోంది. ఆ ప్రశ్న నేను ఎప్పుడూ అడగలేదు.