క్రియాటిన్ బుర్రకు పనిచేస్తుందా? పరీక్షలకు చదివేవాళ్ల కోసం

కండబలం కోసం జిమ్ముకెళ్లేవాళ్లు నీళ్లలో కలుపుకుని తాగే పొడి క్రియాటిన్. బెజవాడలో ఈ డబ్బా జిమ్ము దాటి కోచింగ్ హాస్టళ్ల దాకా వచ్చేసింది. గ్రూప్స్‌కి, బ్యాంకు పరీక్షలకి చదివేవాళ్లు జ్ఞాపకశక్తి కోసం వేసుకుంటున్నారు. ఇందులో కొంత నిజం ఉంది. ఆ కొంత ఎంతో తెలుసుకునే డబ్బు పెట్టాలి.

మెదడు బరువు ఒంట్లో 2 శాతమే అయినా శక్తిలో దాదాపు 20 శాతం అదే వాడేస్తుంది. ఆ శక్తి ఏటీపీ రూపంలో ఉంటుంది. ఏటీపీ ఖర్చయిన చోట వెంటనే మళ్లీ తయారవడానికి, ఒంట్లో క్రియాటిన్ నిల్వ ఉండే రూపమైన ఫాస్ఫోక్రియాటిన్ తన ఫాస్ఫేట్‌ని ఇస్తుంది. కండలోనూ మెదడులోనూ జరిగేది ఇదే. తేడా ఎక్కడంటే, మెదడు తనకు కావలసిన క్రియాటిన్ చాలావరకు తానే తయారు చేసుకుంటుంది, రక్తంలోంచి లోపలికి కొంచెం కొంచెమే రానిస్తుంది. రోజుకు 20 గ్రాముల చొప్పున 4 వారాలు ఇచ్చి చూసినా మెదడులో సగటున పెరిగింది 9 శాతం లోపే. రేపు పరీక్ష అనగా ఈరోజు ఒక చెంచా వేసుకుంటే ఏమీ ఒరగదనేది అందుకే.

2003లో ఆస్ట్రేలియాలో 45 మంది శాకాహారులకు రోజుకు 5 గ్రాములు 6 వారాలు ఇచ్చారు. అంకెలు విని వెనక నుంచి చెప్పే పరీక్షలో బాగా మెరుగుపడ్డారు. 2023లో 123 మంది మీద అదే మోతాదుతో చేసిన అధ్యయనంలో మాత్రం ప్రయోజనం చాలా స్వల్పం, అదీ అనుమానాస్పదంగానే. అలసిపోయిన మెదడు మీద ఫలితం కాస్త స్పష్టంగా ఉంది. 2024లో జర్మనీలో 15 మందిని రాత్రంతా మేలుకొలిపి, కిలో బరువుకు 0.35 గ్రాముల చొప్పున ఒకేసారి ఇస్తే ఆలోచనా వేగం తగ్గడం కొంత ఆగింది. 60 కిలోల మనిషికి అది 21 గ్రాములు. ఇంట్లో అంత ఒకేసారి తాగితే చాలామందికి కడుపు ఉబ్బరం, విరేచనాలు రావచ్చు. దీన్ని చూసుకుని నైటౌట్లు పెంచడం చాలా తప్పు, చదివింది మెదడులో స్థిరపడేది నిద్రలోనే.

వేసుకోవాలనుకుంటే క్రియాటిన్‌లో మామూలు రకం, మోనోహైడ్రేట్ చాలు, రోజుకు 3 నుంచి 5 గ్రాములు. రేటు ఎక్కువున్న రకాలు దీనికంటే బాగా పనిచేస్తాయని రుజువు లేదు. డబ్బాలో వచ్చే స్కూపుని నమ్మకుండా ఒకసారి చిన్న డిజిటల్ కాటా మీద తూచి చూడండి. కుప్పగా తీస్తే 5 గ్రాములనుకున్నది దాటిపోతుంది.

కలపడంలోనే ఎక్కువమంది పొరపాటు పడతారు. ఫ్రిజ్ నీళ్లలో లీటరుకు 6 గ్రాములే కరుగుతుంది. 200 మిల్లీలీటర్ల చల్లటి గ్లాసులో 5 గ్రాములు వేస్తే కరిగేది గ్రాము పైచిలుకు, మిగతాది తెల్లటి ఇసుకలా అడుగున కూర్చుంటుంది. తాగేసి గ్లాసు కడిగితే మోతాదులో చాలావరకు సింకులోకే పోతుంది. 50 డిగ్రీల నీళ్లలో అయితే లీటరుకు 34 గ్రాముల దాకా కరుగుతుంది కాబట్టి, అదే గ్లాసుడు గోరువెచ్చటి నీళ్లు తీసుకుని తిప్పుతూ తాగండి. అడుగున మిగిలితే ఇంకాసిని నీళ్లు పోసి తొలిచి తాగేయండి. పొద్దున కలిపి బాటిల్లో పోసుకుని, నిమ్మరసం పిండి, ఎండలో తిప్పడం మాత్రం వద్దు. పులుపుకీ వేడికీ అది మెల్లగా క్రియాటినిన్ అనే వ్యర్థ పదార్థంగా మారిపోతుంది, దానితో మెదడుకు ఉపయోగం లేదు. వానాకాలం తేమకి పొడి గడ్డ కడితే చిదిపి వాడుకోవచ్చు, కానీ తడి చెంచా పెట్టకూడదు.

మాంసం, చేపలు తినేవాళ్లకు తిండిలోంచే కొంత అందుతుంది. కిలో పచ్చి మాంసంలో ఉండేది సుమారు 4, 5 గ్రాములు. కండరాల్లో నిల్వ తక్కువగా ఉండేది శాకాహారులకే.

ఇంటర్ పిల్లలకు డాక్టరు చెప్పకుండా ఇవ్వకండి. కిడ్నీ జబ్బున్నవాళ్లు దీని జోలికి పోవద్దు. కిడ్నీ బాధితులు ఎక్కువగా ఉన్న ఎ.కొండూరు మండలం లాంటి చోట్ల నుంచి వచ్చి చదువుకునేవాళ్లు మొదలుపెట్టకముందే రక్త పరీక్ష చేయించుకోవాలి. మొదలుపెట్టాక, కిడ్నీ పనితీరు తెలుసుకోవడానికి రక్తంలో చూసే సీరం క్రియాటినిన్ కొద్దిగా పెరిగి కనిపించవచ్చు, కిడ్నీ బాగానే ఉన్నా సరే. పొడి వాడుతున్న సంగతి చెప్పకుండా రిపోర్టు మాత్రమే చూపిస్తే డాక్టరు కిడ్నీ దెబ్బతిందనే అనుమానిస్తారు. చెప్తే కిడ్నీ పనితీరు చూసే మరో రక్త పరీక్ష, సిస్టాటిన్ సి రాయగలరు, క్రియాటిన్ వేసుకున్నంత మాత్రాన ఆ అంకె పెరగదు.