మెడికల్ షాపు లైసెన్సు ఫీజు గడువు దాటినప్పుడు: నా అనుభవం

రిటైల్ మందుల షాపు లైసెన్సుకి 2017 అక్టోబరు నుంచి రెన్యువల్ లేదు. దాని బదులు ఐదేళ్లకోసారి రిటెన్షన్ ఫీజు, అంటే లైసెన్సుని కొనసాగించుకునే ఫీజు, కట్టాలి. అప్పటి నుంచి మా లైన్‌లో చాలామంది "ఇక లైసెన్సు జీవితాంతం ఉన్నట్టే" అంటున్నారు. ఆ మాట నమ్ముకుంటే ఎక్కడ తేలతామో దగ్గరగా చూశాను కాబట్టి ఇది రాస్తున్నాను.

షాపు మా బావగారి పేరు మీద ఉంది, రిజిస్టర్డ్ ఫార్మసిస్టుని నేను. ఫీజు కట్టాల్సిన సమయానికి ఆయన గుండె ఆపరేషనై మంచంలో ఉన్నారు. లైసెన్సు ఫైలు ఆయన బీరువాలోనే ఉండిపోయింది. ఎక్కడి నుంచీ నోటీసు రాలేదు. విషయం బయటపడింది స్టాకిస్టు, అంటే మాకు మందులిచ్చే హోల్‌సేలర్, దగ్గర. ఇన్సులిన్‌కి ఆర్డరు పెడితే బిల్లింగ్ కుర్రాడు ఫోన్ చేసి, "మేడమ్, మీ డీఎల్ (డ్రగ్ లైసెన్సు) డేట్ దాటిపోయింది, సిస్టమ్ బిల్లు తీసుకోవట్లేదు" అన్నాడు. అతన్ని అనడానికి లేదు. లైసెన్సు లేని షాపుకి సరుకిస్తే హోల్‌సేలర్ లైసెన్సుకే ముప్పు.

ఫైలు తీసి చూస్తే గడువు దాటి ఆరో నెల నడుస్తోంది.

ఆ ఆరో నెల అన్నదే అసలు సంగతి. డ్రగ్స్ రూల్స్ 1945 ప్రకారం గడువులోపు ఫీజు కట్టకపోతే, ఆలస్యమైన ప్రతి నెలకీ లైసెన్సు ఫీజులో 2 శాతం చొప్పున లేట్ ఫీజు పడుతుంది. నెలలో ఒక్కరోజు దాటినా నెల కిందే లెక్క. ఈ వెసులుబాటు ఆరు నెలల వరకే. అప్పటికీ కట్టకపోతే లైసెన్సు రద్దయినట్టే. ఎవరూ ఆర్డరు రాయక్కర్లేదు, సంజాయిషీ అడగక్కర్లేదు. గోడ మీద ఫ్రేములో కాగితం అలాగే వేలాడుతూ ఉంటుంది, దానికి విలువ మాత్రం ఉండదు.

మా షాపుకి ఉన్న లైసెన్సులు రెండు: మామూలు మందులకి ఫారం 20, ఇన్సులిన్, టీకాల లాంటివాటికి ఫారం 21. ఒక్కోదానికి 1,500 చొప్పున మొత్తం ఫీజు 3,000 రూపాయలు. అంటే లేట్ ఫీజు నెలకి 60, ఆరు నెలలకీ కలిపి 360 రూపాయలు. ఆ గీత దాటి ఒక్క స్ట్రిప్ అమ్మినా అది లైసెన్సు లేకుండా అమ్మడమే. 1940 నాటి డ్రగ్స్ అండ్ కాస్మెటిక్స్ చట్టంలో సెక్షన్ 18(సి) దాన్ని నిషేధిస్తుంది, సెక్షన్ 27(బి)(2) శిక్ష చెబుతుంది. కనీసం మూడేళ్లు, గరిష్ఠంగా ఐదేళ్లు జైలు. జరిమానా కనీసం లక్ష రూపాయలు లేదా పట్టుబడిన మందుల విలువకి మూడింతలు, ఏది ఎక్కువైతే అది. ప్రత్యేక కారణాలు రాసి కోర్టు తగ్గించవచ్చు, కానీ కేసు నడిచేది సెషన్స్ కోర్టులో. ఇవన్నీ చదివిన రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

ఆన్‌లైన్‌లో కడదామంటే లాగిన్ ఓటీపీ ఎప్పుడో దరఖాస్తు పెట్టినతని నంబరుకి వెళుతోంది. అతను ఆ నంబరు మానేసి చాలాకాలమైందట. బావగారి సంతకంతో లెటరు, ఆయన ఆధార్, ఆసుపత్రి డిశ్చార్జి కాగితం పట్టుకుని డ్రగ్స్ కంట్రోల్ ఏడీ (అసిస్టెంట్ డైరెక్టర్) ఆఫీసుకి వెళ్లాను. నంబరు మార్చడం తేలిగ్గా అయిపోలేదు, ఒకటికి రెండుసార్లు తిరగాల్సి వచ్చింది. అక్కడ సెక్షన్‌లో ఒకాయన మాత్రం ఫైలు చూడగానే, "అమ్మా, నంబరు సంగతి ఇవాళే తేలుస్తాం, ఫీజు మాత్రం ఈ నెల దాటనివ్వకండి" అన్నారు. ఆ మాటకి నేను ఇప్పటికీ ఆయనకి రుణపడి ఉన్నాను. ఆ సాయంత్రమే చలానా కట్టేశాం.

ఈలోగా షాపులో పరిస్థితి వేరు. ఫ్రిజ్‌లో ఇన్సులిన్ పెట్టెలు అడుగంటాయి. రోజూ మా దగ్గరే తీసుకునే ఒక పెద్దాయన ఖాళీ కార్ట్రిడ్జి చేత్తో పట్టుకుని వస్తే వేరే షాపుకి పంపాల్సి వచ్చింది. తెలిసినవాళ్లు "పక్క షాపు బిల్లు మీద తెప్పించుకోండి, ఎవరికి తెలుస్తుంది" అని సలహా ఇచ్చారు. నేను ఒప్పుకోలేదు. షెల్ఫ్‌లో ఉన్న ప్రతి మందుకీ మా పేరున కొనుగోలు బిల్లు ఉండాలి, ఇన్‌స్పెక్టర్ వస్తే ముందు అడిగేది అదే. మాకు బిల్లు లేకపోవడమే కాక, తన పేరున తెప్పించి ఇచ్చినవాడు కూడా ఇరుక్కుంటాడు.

మాకు తెలిసిన ఇంకో షాపతను ఆరు నెలలూ దాటేదాకా చూసుకోలేదు. తనిఖీలో ఫారం 15 ఇచ్చారు, అంటే ఉన్న సరుకు అమ్మకుండా ఆపే ఉత్తర్వు. అది ఇరవై రోజుల వరకు ఉంటుంది. తర్వాత ఫారం 16 రసీదు ఇచ్చి సరుకు స్వాధీనం చేసుకున్నారు. అతను ఇప్పుడు ఫారం 19తో, అంటే కొత్త లైసెన్సు దరఖాస్తుతో, మొదటి నుంచీ మొదలుపెట్టాడు. పది చదరపు మీటర్ల స్థలం, ప్లాను, అద్దె అగ్రిమెంటు, ఫార్మసిస్టు కాగితాలు, అన్నీ కొత్త షాపు పెట్టినట్టే. కొత్త లైసెన్సు వచ్చినా పాత అమ్మకాల కేసు దాని దారిన అది నడుస్తుంది.

మా చలానా స్టాకిస్టులందరికీ వాట్సాప్‌లో పంపితే మర్నాటి నుంచి బిల్లులు పడ్డాయి. ఒక కాపీ లైసెన్సు ఫ్రేము వెనకే పెట్టాను. అయితే ఎవరికి వాళ్లు డేటు సరిచేసుకోవాలి కాబట్టి ఒకరిద్దరికి మళ్లీ మళ్లీ ఫోన్ చేయాల్సి వచ్చింది.

బావగారు ఇక షాపులో కూర్చోలేరు, నన్ను భాగస్వామిగా చేర్చుకుంటామంటున్నారు. యాజమాన్యం మారితే పాత లైసెన్సు మార్పు జరిగిన రోజు నుంచి గరిష్ఠంగా మూడు నెలలే చెల్లుతుంది, ఆలోపు కొత్త పేరున లైసెన్సు చేతికి రావాలి. అందుకే పార్ట్‌నర్‌షిప్ డీడ్ మీద ఇంకా సంతకాలు చేయలేదు. దరఖాస్తుకి కావలసిన కాగితాలన్నీ ముందు సిద్ధం చేసుకుంటున్నాం.