కాగితం మీద 2 లక్షలు

"ఇది సమ్మరీ సూట్‌గా, అంటే పూర్తి విచారణ లేకుండా త్వరగా తేలే దావాగా నిలవదండీ," అని లాయర్‌గారు అగ్రిమెంటు నావైపు జరిపారు.

గవర్నర్‌పేటలో ఆయన ఆఫీసుకి వెళ్లేదాకా నాదీ ఒకటే లెక్క. ఆటోనగర్‌లో లారీ బాడీ కట్టేవాళ్లు 40 రోజులు ఆలస్యం చేశారు, అగ్రిమెంటు ప్రకారం రోజుకు 5 వేలు పెనాల్టీ. సంతకం కూడా ఉందిగా!

ఉంటే సరిపోదట. కాంట్రాక్టు చట్టం 74వ సెక్షన్ ప్రకారం ఆ అంకె పైహద్దు మాత్రమే. అందులో సబబైన పరిహారం ఎంతో కోర్టు తేల్చాలి, అప్పటిదాకా అది బాకీయే కాదు. అదే బౌన్సయిన చెక్కో, ప్రోనోటో అయితే సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 37 కింద సమ్మరీ సూట్ వేసేయొచ్చు. అవతలివాళ్లకు కోర్టు అనుమతి లేకుండా వాదించే వీలే ఉండదు.

"లారీ లేక ఎంత పోయింది? అద్దె బండి బిల్లులున్నాయా?"

ఉన్నాయి. ఎక్కడో.

ఇప్పుడు బీరువా ముందు కూర్చున్నాను. ఇంతవరకూ దొరికినవన్నీ కరెంటు బిల్లులే.