పైపుల ఫ్యాక్టరీ, ఇంటి ముందు హులా హూప్

అమెరికాలో పిల్లలు ఆడుకోవాలంటే ముందు పెద్దవాళ్ళు కారు తాళాలు వెతుక్కోవాలి. సాకర్ ఒక చోట, స్విమ్మింగ్ ఇంకో చోట, కూచిపూడి క్లాసు ఫ్రీవే దాటి ఎవరింటి గ్యారేజీలోనో. మేముండేది పేర్‌ల్యాండ్‌లో, హ్యూస్టన్‌కు దక్షిణంగా. మీనాక్షి అమ్మవారి గుడి ఉన్న ఊరంటే టెక్సస్ తెలుగువాళ్ళు చాలామంది గుర్తుపడతారు. ఈ చుట్టుపక్కల నడిచి వెళ్ళి చేసుకునే పని దాదాపు ఏదీ ఉండదు. ఆటా అంతే. రిజిస్ట్రేషన్, ఫీజు, టీ షర్టు, వాట్సాప్ గ్రూపు, ప్రతి శనివారం పొద్దున్నే గ్రౌండు. శనివారాలు ఖాళీగా ఉండేవాళ్ళకు ఇదంతా బాగానే కుదురుతుంది. నాకు కుదరదు.

నేను షిప్ ఛానల్ వైపు ఒక ప్లాస్టిక్ పైపుల ఫ్యాక్టరీలో క్వాలిటీ చూస్తాను. హైదరాబాద్ చర్లపల్లిలో ప్లాస్టిక్ ఇంజనీరింగ్ నేర్పే సంస్థ సీపెట్‌లో చదువుకుని వచ్చినవాణ్ణి. నల్గొండలో మా చుట్టాలకు ఎన్నిసార్లు చెప్పినా "సాఫ్ట్‌వేరే కదా" అంటారు. అమెరికా ఉద్యోగం అంటే ల్యాప్‌టాప్, ఏసీ గది, శనాదివారాలు సెలవు అని వాళ్ళ లెక్క. మా దగ్గర లైను ఆగదు. ఆగిందంటే మళ్ళీ మొదలుపెట్టి పైపు సరైన కొలతకు వచ్చేదాకా వచ్చేదంతా స్క్రాపే. అందుకే పన్నెండేసి గంటల షిఫ్టులు. రెండు రోజులు డ్యూటీ, రెండు రోజులు సెలవు, మూడు రోజులు డ్యూటీ, మరుసటి వారం అదే తిరగేసి. కొన్నాళ్ళు పగలు, కొన్నాళ్ళు రాత్రి. డై అనే అచ్చులోంచి వేడిగా వచ్చిన నల్లటి గొట్టం వ్యాక్యూమ్ ట్యాంకులో కొలతకు వచ్చి, నీళ్ళలో చల్లారి, అవతలి చివర చుట్టగా చుట్టుకుంటుంది. గంట గంటకూ ఒక ముక్క కోయించి గోడ మందం చూడాలి, గుండ్రంగా ఉందో లేదో చూడాలి. ఒక పక్క పల్చబడిందా, ఆపరేటర్‌తో వాదన మొదలు.

ఇలాంటి షిఫ్టులు పెట్టుకుని పిల్లల్ని క్లబ్బులో చేర్పిస్తే సగం వారాలు మా ఆవిడ ఒక్కతే తిప్పుకోవాలి. తనది ఇంటి నుంచి చేసే టెస్టింగ్ ఉద్యోగం. పొద్దున ఇండియా కాల్స్‌తో కుర్చీలో కూర్చుంటే సాయంత్రం నడుం పట్టుకుని లేస్తుంది. నేను పన్నెండు గంటలు నిలబడి, తను పది గంటలు కూర్చుని, ఇద్దరం ఒకేలా అలిసిపోయి ఉంటాం. మధ్యలో ఇద్దరు పిల్లలు. స్నానానికీ భోజనానికీ మధ్య ఉన్న అరగంటలో ఇంటి ముందే అయిపోయే ఆట ఏదైనా ఉంటే బాగుండు అనుకుంటున్న రోజుల్లో, పాప స్కూల్లో ఆటల పీరియడ్‌లో హులా హూప్, అంటే నడుము చుట్టూ తిప్పే ప్లాస్టిక్ రింగు, తిప్పడం మొదలుపెట్టింది. తనకు రావట్లేదని ఇంటికొచ్చి ఏడ్చింది.

షాపులో దొరికే మెరుపుల హూప్ ఒకటి కొన్నాం. అదీ నిలవలేదు. కొన్నది మంచిదే, కాకపోతే చిన్నదీ, తేలికదీ. హూప్ ఎంత చిన్నదైతే అంత వేగంగా తిరగాలి, పిల్లల నడుము ఆ వేగాన్ని అందుకోలేదు. పెద్దది, కాస్త బరువున్నది నిదానంగా తిరుగుతుంది, సర్దుకోవడానికి టైము ఇస్తుంది. నేర్చుకునేవాళ్ళకు పెద్ద హూపే సులువు. చిన్న పిల్లలకు చిన్న హూపే కొనాలని అందరం అనుకుంటాం, సరిగ్గా అక్కడే దెబ్బ తింటాం. నేల మీద నిలబెడితే బొడ్డుకూ ఛాతీకీ మధ్య దాకా రావాలి. మోకాలి పైదాకా వచ్చేవి షెల్ఫులో ముద్దుగా కనిపిస్తాయి కానీ పనికిరావు.

పైపుల వాణ్ణి అయ్యుండి హూప్ కొనడమేంటి అనిపించింది. అలాగని ఫ్యాక్టరీ స్క్రాప్ తేలేం. అదంతా గ్రైండర్‌లోకి పోయి మళ్ళీ గుళికలవుతుంది, గేటు దాటనివ్వరు. హోమ్ డిపోలో తోటకు నీళ్ళు పెట్టే ముప్పావు అంగుళం పాలీ పైపు వంద అడుగుల చుట్ట తెచ్చాను. ముప్పై ఆరు అంగుళాల అడ్డుకొలత హూప్‌కు తొమ్మిదిన్నర అడుగుల పైపు పడుతుంది. పాపకు, బాబుకు ఇరవై ఎనిమిది అంగుళాలవి చాలు, వాటికి ఏడున్నర అడుగుల లోపే. పైపు చుట్టలోంచి వస్తుంది కాబట్టి పుట్టుకతోనే గుండ్రంగా తిరిగి ఉంటుంది, మనం వంచక్కర్లేదు. కొసల్ని మరిగే నీళ్ళలో కాసేపు ముంచితే మెత్తబడతాయి. అప్పుడు రెండు కొసల్నీ కలిపే ప్లాస్టిక్ కప్లింగ్ లోపలికి తోసేస్తే చల్లారాక గట్టిగా పట్టేస్తుంది, తర్వాత లాగినా ఓ పట్టాన రాదు. వేడి నీళ్ళ పని మాత్రం పెద్దవాళ్ళదే. పైన రంగు టేపు చుట్టడం పిల్లలకు వదిలేశాం. టేపు అందానికే కాదు, నున్నటి పైపు బట్టల మీద జారిపోకుండా పట్టు ఇస్తుంది. బాబు టేపు చుట్టిన తీరు మా ఇన్‌స్పెక్షన్‌కు వస్తే రిజెక్టే. కానీ ఆ ఎగుడుదిగుడు చుట్లున్న హూపే అన్నిటికంటే బాగా నిలుస్తోంది.

ఈ బొమ్మకూ మా ఫ్యాక్టరీలో పోసే ప్లాస్టిక్‌కూ పాత చుట్టరికం ఉంది. 1951లో ఓక్లహోమాలోని బార్టిల్స్‌విల్‌లో ఫిలిప్స్ పెట్రోలియం కంపెనీ కెమిస్టులు పాల్ హోగన్, రాబర్ట్ బ్యాంక్స్ పెట్రోలులో కలిపే పదార్థం కోసం ప్రయోగాలు చేస్తుంటే గొట్టంలో ఏదో తెల్లటి గట్టి పదార్థం పేరుకుపోయింది. అది పాలీప్రొపిలీన్. అదే దారిలో వెళ్తే గట్టి రకం పాలీఇథిలీన్ కూడా దొరికింది. మేము ఇవాళ హెచ్‌డీపీఈ అనేది అదే. కంపెనీ దానికి మార్లెక్స్ అని పేరు పెట్టి, ప్లాంటు కట్టి, సరుకు తీసేసరికి చిక్కొచ్చింది. మొదట్లో నాణ్యత ఒక్కలా రాలేదు, కొనేవాళ్ళు వెనక్కి తగ్గారు, గోడౌన్లు నిండిపోయాయి. ఆ సమయంలో కాలిఫోర్నియాలో వామ్-ఓ అనే ఆటబొమ్మల కంపెనీ నడిపే రిచర్డ్ నెర్, ఆర్థర్ మెలిన్‌లకు ఆస్ట్రేలియాలో పిల్లలు వెదురు రింగులు నడుముకు తిప్పుతారని తెలిసింది. వాళ్ళు 1958లో ప్లాస్టిక్ రింగు చేసి 1.98 డాలర్లకు అమ్మారు. నాలుగు నెలల్లో 2.5 కోట్లు అమ్ముడయ్యాయని చెబుతారు. నీళ్ళ పైపుకు పనికిరాదన్న మార్లెక్స్ సరుకు పిల్లల నడుముకు భేషుగ్గా సరిపోయింది. ఆ ఏడాది చివరికి జోరు తగ్గిపోయింది కానీ, అప్పటికి కంపెనీ తన ప్లాస్టిక్‌ను చక్కదిద్దుకోవడానికి కావలసినంత గడువు దొరికింది. ఆఫ్-స్పెక్, అంటే ప్రమాణానికి తగ్గలేదు, అని స్టిక్కర్ అంటించి పక్కన పెట్టడమే పనిగా ఉన్న నాలాంటి వాడికి ఈ కథ ఎంత చెప్పినా తనివి తీరదు. మా ఆవిడకు మాత్రం ఎప్పుడో తీరిపోయింది.

తిప్పడం ఎలాగో యూట్యూబ్‌లో చాలా ఉంది. అక్కడ నాకు ఉపయోగపడింది ఒక్కటే. నడుమును గుండ్రంగా తిప్పక్కర్లేదు. ఒక కాలు ముందుకేసి నిలబడి, బరువును ముందుకూ వెనక్కూ ఊపితే చాలు. హూప్‌ను వీపుకు ఆనించి ఒక్క ఊపున వదలాలి. పిల్లలు మొదట భుజాలు, చేతులు, మెడ అన్నీ తిప్పుతారు, నడుము తప్ప. పాపకు ఆ ముందూ వెనకా కదలిక దొరికాక ఒక సాయంత్రం హఠాత్తుగా నిలిచింది. "డాడీ, చూడు, చూడు, నాతో మాట్లాడకు" అని అరిచింది. చూడాలి కానీ మాట్లాడకూడదు.

నాకు ఇప్పటికీ సరిగ్గా రాదు. దానికి సైన్సు దొరికింది. 2025లో న్యూయార్క్ యూనివర్సిటీ పరిశోధకులు రకరకాల ఆకారాల చిన్న రోబోలకు హూప్‌లు తగిలించి చూశారు. పిరుదుల్లా కాస్త వాలు, నడుములా లోపలికి ఒంపు రెండూ ఉన్న ఆకారం మీదే హూప్ ఒక చోట నిలబడిందట. తిన్నగా ఉన్న ఆకారం మీద జారిపోయింది. పిల్లలకు ఇంకా ఆ ఒంపు ఉండదు, నాకేమో పోయింది. డ్రమ్ము మీద రింగు నిలవమంటే నిలుస్తుందా? అయినా సరే, నేను దిగితేనే పిల్లలు కదులుతారు. నా హూప్ కింద పడగానే వచ్చే నవ్వు కోసమే బాబు హోంవర్కు త్వరగా ముగించుకుని వస్తాడు.

మా ఆవిడకు చేతి గడియారంలో క్యాలరీలు చూసుకునే అలవాటు. అమెరికన్ కౌన్సిల్ ఆన్ ఎక్సర్‌సైజ్ చేయించిన ఒక అధ్యయనంలో, హూప్ బాగా అలవాటున్న ఆడవాళ్ళకు అరగంటకు సుమారు 210 క్యాలరీలు ఖర్చయ్యాయట. మన అరగంటలో సగం కింద పడ్డ హూప్ ఏరుకోవడమే కాబట్టి లెక్క వేరు. ఏరుకోవడమూ వ్యాయామమే అంటుంది తను. వంగి లేస్తున్నందుకే నడుం నొప్పి కాస్త తగ్గిందని కూడా అంటుంది, నేను డాక్టర్ని కాను కాబట్టి ఊ కొడతాను. పిల్లలకు రోజుకు గంట ఒళ్ళు అలిసే ఆట ఉండాలని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతుంది. ఆ మాట పిల్లల ముందు అనకూడదు. ఒకసారి "ఇవాళ ఎక్సర్‌సైజ్ అవలేదు, రండి" అన్నాం. ఇద్దరూ బాత్‌రూమ్‌లో దూరి తలుపేసుకున్నారు. లోపల ఇనుప గుండ్లు, బయట గడ్డలు ఉన్న బరువు హూప్‌లు ఈమధ్య పెద్దవాళ్ళకు వస్తున్నాయి. అవి పిల్లలకు ఇవ్వకపోవడమే మంచిది, పక్కటెముకల దగ్గర కమిలిపోతుంది. మా పైపు హూప్‌కే మొదట్లో తుంటి మీద నీలం మచ్చలు వచ్చాయి.

మా అమ్మ వచ్చాక ఈ ఆట ఇంకో దారి పట్టింది. విజిటర్ వీసా మీద ఆర్నెల్లకు వచ్చింది. డ్రైవ్‌వేలో మమ్మల్ని చూసి, "ఏందిరా ఇది? బోరు పైపు రింగు జేసి నడుముకు ఏసుకుంటరా?" అంది. మా చేలో బోరు నుంచి వచ్చే నల్ల పైపు ఆమెకు బాగా తెలుసు. నడుముకు పెట్టుకోమంటే పెట్టుకోలేదు. మర్నాడు మేము లేచేసరికి హూప్‌లన్నీ తీసి డ్రైవ్‌వే మీద ఒకటి, రెండు, ఒకటి చొప్పున పరిచి ఉంచింది. పూలకుండీలోంచి ఒక చదునైన రాయి ఏరుకొచ్చింది. తొక్కుడు బిళ్ళ. ఒంటికాలి మీద గెంతుతూ పిల్లలకు చూపించింది, మోకాళ్ళ నొప్పి ఉన్న మనిషి. "అమ్మా, పడతావే" అంటే, "నువ్వు పక్కకు జరుగు, పిల్లలకు కనబడతలేదు" అంది.

అప్పటి నుంచి సగం రోజులు హూప్ నడుముకు, సగం రోజులు నేలకు. పాప వాటిని కలిపేసింది. ఒంటికాలి మీద గెంతుకుంటూ వెళ్ళి, చివరి రింగు ఎత్తి నడుముకు వేసుకుని తిప్పితేనే ఒక ఇల్లు. పక్కింటి మెక్సికో వాళ్ళ ముగ్గురు పిల్లలూ వచ్చి చేరారు. వాళ్ళ నాన్న ఇళ్ళ పైకప్పులు వేసే పనికి తెల్లారకముందే వెళ్ళి చీకటి పడేవేళకు వస్తాడు, ఒకోసారి ట్రక్కు దిగి బూట్లతోనే ఒక చుట్టు తిప్పి లోపలికి వెళ్తాడు. నాకంటే బాగా తిప్పుతాడు. ఇదే వీధిలో అంతకుముందు చేయెత్తి హాయ్ అనుకోవడం తప్ప ఏమీ లేదు.

హ్యూస్టన్ ఎండ సంగతి తెలిసిందే. జూన్ నుంచి సెప్టెంబరు దాకా ఎనిమిది దాటితే గానీ బయటికి రాలేం, వచ్చాక దోమలు. నైట్ షిఫ్టు వారాల్లో నేను ఆ టైముకు డ్యూటీలో ఉంటాను, బ్రేక్‌లో మా ఆవిడ పంపిన వీడియోలు చూస్తాను. కిందటి వారం వచ్చిన దాంట్లో పెద్ద గొడవ. పక్కింటి అమ్మాయి కాలు పైపు మీద పడింది, ఔట్ అంటుంది పాప. పైపు మెత్తగా ఉంది, నేల తగిలినట్టే కదా అని ఆ అమ్మాయి వాదన. బాబు ఎటూ తేల్చకపోతే, అప్పటికే ఊరికి తిరిగి వెళ్ళిపోయిన నానమ్మకు ఫోన్ చేశారు. ఇక్కడ రాత్రి ఎనిమిదిన్నర, నల్గొండలో పొద్దున ఏడు. అమ్మ వాకిట్లో ముగ్గేస్తూ ఫోన్ ఎత్తింది. మొత్తం విని, "ఎవరి కాలు?" అని అడిగింది. పక్కింటి పిల్లది అని చెప్పారు. "చుట్టాల పిల్ల కదా, ఒక పాలి ఇయ్యిండ్రి. మీదైతే ఔటే" అని పెట్టేసింది. పాప రెండు రోజులు నానమ్మతో మాట్లాడలేదు.